కేఫ్ బోర్డుకు యూరోస్టైల్ వాడొచ్చా?

హిమాయత్‌నగర్ కేఫ్‌కు అరవైల నాటి లుక్ కావాలి, బడ్జెట్ తక్కువ, డిజైనర్ పెన్‌డ్రైవ్‌లో ఇచ్చిన యూరోస్టైల్ ఫాంట్‌ను బోర్డుకూ మెనూకూ వెబ్‌సైట్‌కూ వాడొచ్చా అని అడిగారు. ఆ ఫైల్‌ను మాత్రం దయచేసి వాడకండి. డిజైనర్ దగ్గర లైసెన్స్ ఉన్నా, అది సాధారణంగా ఆయన కంప్యూటర్‌కే పరిమితం. ఆయన గీసిచ్చిన లోగో వాడుకోవడం వేరు, ఫాంట్ ఫైలే చేతులు మారడం వేరు. వెబ్‌సైట్‌కైతే విడిగా వెబ్ లైసెన్స్ కొనాలి. చాలాచోట్ల దాని ధర పేజీ వ్యూలను బట్టి ఉంటుంది.

మీ ఎంపిక మాత్రం నాకు చాలా నచ్చింది. ఆల్డో నొవరేసే 1962లో ఇటలీలోని నెబియోలో ఫౌండ్రీ (అచ్చు అక్షరాలు తయారుచేసే సంస్థ) కోసం గీసిన ఫాంట్ అది. పాత టీవీ తెరలా మూలలు గుండ్రంగా ఉండే ఆ 'ఓ' చూస్తే చాలు, కాలం తెలిసిపోతుంది. ఫ్యూచురా అనే మరో ఫాంట్ 1927 నాటిది, మీకు కావలసిన దశాబ్దం కాదు.

బడ్జెట్ తక్కువన్నారు కాబట్టి గూగుల్ ఫాంట్స్‌లో మిక్రోమా చూడండి. యూరోస్టైల్‌కు ముందటి రూపమైన 1952 నాటి మైక్రోగ్రామా ఫాంట్ శైలిలోనే ఉంటుంది. ఓపెన్ ఫాంట్ లైసెన్స్ కాబట్టి బోర్డుకైనా వెబ్‌సైట్‌కైనా డబ్బు కట్టక్కర్లేదు. ఫాంట్‌ను విడిగా అమ్మకూడదు, అంతే. ఒకటే వెయిట్ (అక్షరాల మందం), అక్షరాలు బాగా వెడల్పు. అందుకే బోర్డుకే ఉంచండి, మెనూలో చదవడం కష్టం.

మెనూకు హింద్ గుంటూరు తీసుకోండి. తెలుగు, ఇంగ్లీషు రెండూ ఒకే ఫాంట్‌లో ఉంటాయి, అదీ ఉచితమే. బోర్డు చేసేవాళ్లకు ఫాంట్ ఫైల్ బదులు అక్షరాలను కర్వ్స్‌గా, అంటే ఫాంట్ అక్కర్లేని గీతల ఆకారాలుగా, మార్చిన పీడీఎఫ్ పంపండి.