సెప్పీసినాడు, ఎల్లిపోనాడు: పదహారు మాత్రల లెక్క

ప్రశ్న: మాస్టారూ, నమస్కారం. మాది ఆమదాలవలస దగ్గర పల్లె. నాకు 23 ఏళ్లు. శ్రీకాకుళంలో సెల్‌ఫోన్ షాపులో పని చేస్తాను, రాత్రిళ్లు ర్యాప్ రాసుకుంటాను. తొమ్మిది పాటలతో మొదటి మిక్స్‌టేప్ తయారైంది. వెనక ఏ కంపెనీ లేదు, బీట్లు కూడా నావే. అన్నీ మన యాసలోనే ఉన్నాయి. హైదరాబాద్‌లో ఉన్న స్నేహితులు యాస తీసెయ్యమంటున్నారు. నాన్నేమో "ఇది పాటేటిరా, మాటలే కదా" అంటున్నారు. ఒక పాటలో, మా ఊరి అమ్మవారి పండగలో ఒక తాత జముకు అనే తీగ వాద్యం వాయిస్తూ పాడింది ఫోన్‌లో తీసి పదిహేను సెకన్లు పెట్టాను. ఆరో పాటలో మాటలు బీటు మీద నిలవడం లేదు. మీకు పాటలన్నీ పంపుతున్నాను. ఏం చెయ్యమంటారు?

జవాబు: బాబూ, తొమ్మిదీ విన్నాను. ఒకసారి మామూలుగా, ఇంకోసారి తొడ మీద తాళం వేసుకుంటూ. విజయనగరంలో ముప్పై ఏళ్లుగా మృదంగం నేర్పుతున్నవాణ్ని, లెక్క చూడకుండా ఏదీ వినలేను.

ముందు యాస సంగతి. గుజరాత్ బోట్ల మీదికి పనికి వెళ్లిపోయిన మీ మావయ్య మీద రాసిన మూడో పాటలో "సెప్పీసినాడు, ఎల్లిపోనాడు" అని మళ్లీ మళ్లీ వస్తుంది కదా. మాత్రలు లెక్కపెట్టు, పొట్టి అక్షరానికి ఒకటి, దీర్ఘానికీ ఒత్తక్షరం ముందున్నదానికీ రెండు. సెప్పీసినాడు ఎనిమిది. ఎల్లిపోనాడు ఎనిమిది. రెండూ కలిపితే పదహారు. నీ బీటులో ఒక చుట్టుకి నాలుగు దెబ్బలు, దెబ్బకి నాలుగు మాత్రలు, అదీ పదహారే. ఒక్క మాత్ర మిగలకుండా, ఒక్కటి తగ్గకుండా కూర్చుంది. ఇప్పుడు స్నేహితులు చెప్పినట్టు "చెప్పేశాడు, వెళ్లిపోయాడు" అని మార్చి చూడు. చెప్పేశాడు ఏడే. మొత్తం పదిహేను. నోరు ఒకచోట తడబడుతుంది, లేదా అక్కర్లేని మాట ఒకటి ఇరికించాల్సి వస్తుంది. నువ్వు లెక్కేసి రాయలేదని నాకు తెలుసు. మీ అమ్మ మాట్లాడినట్టు రాశావు, అదే తాళంలో పడింది. దాన్ని ముట్టుకోకు. అర్థం కాదన్న భయం కూడా వద్దు. వంగపండు ప్రసాదరావు గారు మన పార్వతీపురం వైపు మాటతోనే పాడారు, తెలుగువాళ్లందరికీ అర్థమైంది.

ఆరో పాట ఇబ్బంది వేరు. బీటు ఆపి, ఆ మాటలు ఊరికే చదివి చూశాను. తకిట తకధిమి, తకిట తకధిమి. మూడూ నాలుగూ ఏడు, రెండుసార్లు పద్నాలుగు. ఇది గురజాడ వారి ముత్యాల సరం నడక. 1910లో ఆయన ఆ నడకలో రాసింది మా ఊళ్లోనే, అందుకే నీ పాట వింటుంటే నాకు ఒళ్లు జలదరించింది. పద్నాలుగు మాత్రల పాదాన్ని పదహారు మాత్రల చుట్టులో పెడితే రెండు మిగులుతాయి. నువ్వు ఆ రెండింటినీ "యో", "హే" అని నింపుతున్నావు. ఇంకొన్నిచోట్ల వాటిని వదిలేసి తర్వాతి పాదం ముందే ఎత్తుకుంటున్నావు. జారిపోతున్నది అక్కడే. ప్రతి పాదం చివర ఆ రెండు మాత్రలు ఖాళీగా ఉంచు. ఊపిరి తీసుకో. అక్కడ జముకు తీగ ఒక్కసారి మోగితే ఇంకేమీ అక్కర్లేదు.

జముకు అన్నాను కాబట్టి తాత సంగతి. పదిహేను సెకన్లలోపు అయితే ఎవరినీ అడగనక్కర్లేదని చాలామంది అనుకుంటారు. అలాంటి లెక్క చట్టంలో ఎక్కడా లేదు. జముకుల కథ పాట పాతది, దానికి కర్త ఎవరో చెప్పలేం. కానీ పాడిన గొంతు ఆయనది. 1994 సవరణతో మన కాపీరైట్ చట్టంలో ప్రదర్శన ఇచ్చేవాళ్లకీ హక్కు వచ్చింది, అది యాభై ఏళ్లు ఉంటుంది. న్యూయార్క్ వైపు డి లా సోల్ అనే ర్యాప్ బృందం 1989లో తొలి ఆల్బమ్ తెచ్చింది. నువ్వు చేస్తున్న ఆల్టర్నేటివ్ హిప్ హాప్‌కి దారి వేసినవాళ్లలో వాళ్లున్నారు. అందులో వాడిన పాత పాటల ముక్కల హక్కులు తేలక, అది 2023 మార్చి దాకా స్ట్రీమింగ్‌లోకి రాలేకపోయింది.

చట్టం కంటే నాకు బాధ కలిగించేది ఇంకొకటుంది. క్యాసెట్ల రోజుల్లో ఒక భక్తి పాటల రికార్డింగ్‌కి రెండు రోజులు వాయించాను. ఆ క్యాసెట్ బజారులో కొని, ఇంటికొచ్చి అట్ట తిప్పి చూస్తే నా పేరు లేదు. మా అమ్మకి చూపించడానికి కొన్నాను. చూపించలేదు. అందుకే చెబుతున్నా, ఆ తాత ఊరికి వెళ్లు. పాట మొత్తం ఆయనకి వినిపించు, ఆయన ముక్క ఒక్కటే కాదు. ఒప్పుకుంటే కాగితం మీద రాయించుకో, నీకు చేతనైనంత డబ్బు చేతిలో పెట్టు, పాట పేరు పక్కనే ఆయన పేరు వెయ్యి. ఒప్పుకోకపోతే తీసెయ్.

నాన్నగారి మాటకి వస్తే, ఆయన్ని తప్పుపట్టకు. 1973 ఆగస్టు 11న న్యూయార్క్ బ్రాంక్స్‌లో డీజే కూల్ హెర్క్ పెట్టిన పార్టీ నుంచి ఈ హిప్ హాప్ కళ పుట్టిందంటారు. పాటలో డ్రమ్ము ఒక్కటే మోగే ముక్కని పట్టుకుని, రెండు రికార్డుల మీద సాగదీసి ఆడించాడాయన. ఆ పార్టీల రికార్డింగులు క్యాసెట్ల మీద చేతులు మారాయి, మిక్స్‌టేప్ అన్న మాట అలా నిలిచింది. ఇదంతా నాన్నగారికి చెప్పినా ఎక్కదు. మా సంగీత కళాశాలకి 1919లో మొదటి ప్రిన్సిపాల్ అయిన ఆదిభట్ల నారాయణదాసు గారి హరికథ గుర్తుచెయ్యి. అందులో మాటెక్కడ ఆగి పాటెక్కడ మొదలవుతుంది? తర్వాత మూడో పాట వినిపించు. మీ మావయ్య ఆయనకి బావమరిది కదా.

ఇంకొక్కటి. నాలుగు, ఏడు పాటల్లో బేస్ నీ మాటల్ని మింగేస్తోంది. విడుదలకి ముందు శ్రీకాకుళం బస్సు కాంప్లెక్స్ నుంచి అరసవల్లి వెళ్లే ఏదైనా ఆటోలో డ్రైవర్‌ని అడిగి వేయించు. ఆ స్పీకర్‌లో, ఆ రోడ్డు మోతలో నీ మాట వినబడాలి. మిగతావాటికి నేను చెప్పేదేమీ లేదు, అలాగే ఉంచు.

తాత విని ఏమన్నారో నాకు రాయి.