పీఎస్2 స్లిమ్‌లో పెన్‌డ్రైవ్ గేములు: వీడియోలు తెగి తెగి రావడం, గేము నల్ల తెర దగ్గరే ఆగడం

కావలి నుంచి అడిగిన తమ్ముడూ, నీ పీఎస్2 (ప్లేస్టేషన్ 2 గేమ్ యంత్రం)లో పెన్‌డ్రైవ్ గేములు సరిగ్గా ఆడటం లేదన్నావు. నువ్వు ఒకటే బాధ అనుకుంటున్నావు గానీ ఇవి రెండు. ఓపీఎల్‌లో (పెన్‌డ్రైవ్ నుంచి గేములు నడిపే ప్రోగ్రాం) గేము మధ్య వీడియోలు తెగడం ఒకటి, 8 జీబీ డబుల్ లేయర్ (రెండు పొరల డీవీడీ) గేము అసలు మొదలవకపోవడం ఇంకొకటి.

మొదటిదానికి కొత్త పెన్‌డ్రైవ్ కొనబాక. పీఎస్2లో ఉండేది యూఎస్‌బీ 1.1. ఎంత లాగినా సెకనుకి 1 ఎంబీ అటూ ఇటూ. అదే దాని డీవీడీ డ్రైవ్ 4ఎక్స్, అంటే 5 ఎంబీ పైమాటే. గేముల్లో వీడియోలు ఆ లెక్కకి చేసినవి. 3.0 పెన్‌డ్రైవ్ తెచ్చినా పోర్టు ఇరుకే గదా. ఓపీఎల్ గేము సెట్టింగుల్లో మోడ్ 1 పెట్టమని చెప్పేవాళ్ళుంటారు. అది చదివే వేగాన్ని పెంచేది కాదు. వీడియో వస్తే స్టార్ట్ నొక్కి దాటెయ్. కుదరదంటే స్లిమ్ వెనక ల్యాన్ పోర్టు ఉంది, పీసీకి కేబుల్ వేసి ఎస్ఎంబీలో (నెట్‌వర్క్ మీద పీసీ ఫైళ్ళు చదివే పద్ధతి) ఆడు. విండోస్‌లో దాని పాత రకం ఎస్ఎంబీ 1 ఆన్ చెయ్యాల్సి రావచ్చు. దానికి భద్రత తక్కువ, ఆట అయ్యాక ఆపెయ్.

రెండోదానికి వస్తే, ఫ్యాట్32 అనే పెన్‌డ్రైవ్ ఫార్మాట్‌లో ఒక్క ఫైలు 4 జీబీ దాటకూడదు. యూఎస్‌బీ యుటిల్ అనే పీసీ ప్రోగ్రాంతో గేముని ముక్కలు చేశానన్నావు, పేరు లిస్టులో కనబడుతోందన్నావు. అయితే యూఎల్.సీఎఫ్‌జీలో (ముక్కలు చేసిన గేముల పేర్లుండే ఫైలు) గేము ఎక్కినట్టే. అనుమానమల్లా ఫ్రాగ్మెంటేషన్ మీదే, అంటే ఫైలు డ్రైవ్‌లో ఒకచోట కాకుండా చెల్లాచెదురుగా పడటం. పాత ఓపీఎల్‌కి ఫైలు డ్రైవ్‌లో తెగకుండా వరసగా ఉండాలి. పాత గేములు తీసేసి ఆ సందుల్లో కొత్తవి వేస్తే ఫైలు ఇలా చెదిరిపోతుంది. రెండు గేములు ఒకేసారి కాపీ పెట్టినా అంతే.

అన్నీ పీసీలో దాచుకుని, పెన్‌డ్రైవ్‌ని ఎంబీఆర్ (పార్టిషన్ రకం), ఫ్యాట్32గా ఫార్మాట్ చెయ్. 64 జీబీదైతే విండోస్ ఫార్మాట్ మెనూలో ఫ్యాట్32 కనబడకపోవచ్చు, రూఫస్ అనే ఫార్మాట్ ప్రోగ్రాం వాడు. పెద్ద గేము ముందు, ఒకటి పూర్తయ్యాకే ఇంకోటి. 4 జీబీ లోపు ఐఎస్ఓలు (డిస్కు మొత్తం ఒకే ఫైలుగా ఉండేవి) డీవీడీ ఫోల్డర్లో, సీడీ గేములు సీడీ ఫోల్డర్లో, ముక్కలు మాత్రం ఫోల్డర్ల బయట. అప్పటికీ నల్ల తెరే అయితే మోడ్‌లు ఒక్కొక్కటే మార్చి చూడు. అన్నీ కలిపి టిక్ పెడితే ఏది పనిచేసిందో తెలీదు.

సేవ్‌లు వీఎంసీలో (మెమరీ కార్డు బదులు వాడే ఫైలు) పెట్టుకుంటే ఆ ఫైలు కాపీ పీసీలో ఉంచుకో. ఎండాకాలం మన వైపు కరెంటు సంగతి తెలిసిందే. సేవ్ పడుతుండగా పోయిందంటే వీఎంసీ మొత్తం పాడవ్వచ్చు.