అప్‌డేట్ నొక్కే ముందు: చిన్నాకి పిన్ని ఉత్తరం

చిన్నా,

నీ వాయిస్ మెసేజ్ విన్నాను. నీ స్విచ్ లైట్‌లో (నింటెండో కంపెనీ వాళ్ల చేతిలో పట్టుకుని ఆడే గేమ్ పెట్టె, దాన్నే కన్సోల్ అంటాం) యానిమల్ క్రాసింగ్ ఆట తెరవబోతుంటే అప్‌డేట్ అడుగుతోందనీ, నొక్కితే ఇన్నాళ్లూ కట్టుకున్న ద్వీపం పోతుందేమోనని నాన్న వద్దంటున్నాడనీ అన్నావు. ఫోన్లో చెబుదామంటే మీకు పగలైతే మాకు రాత్రి. పైగా నువ్వు వినేది సగం, చేసేది ఇంకో సగం. అందుకే తీరిగ్గా కూర్చుని రాస్తున్నా. అమ్మకీ చూపించు.

ముందు నీ భయం సంగతి. పోదు. అప్‌డేట్ చేస్తే సేవ్, అంటే ఆటలో నువ్వు ఎక్కడిదాకా వచ్చావో దాచి ఉంచే రికార్డు, చెరిగిపోదు. ద్వీపాలు పోగొట్టుకుని ఏడ్చినవాళ్లు లేకపోలేదు గానీ, వాళ్లు నొక్కింది వేరే బటన్లు. అవేంటో కింద చెబుతా.

నీ స్విచ్ లైట్‌లో ఒక్కో ఆటకి మూడు వేర్వేరు సరుకులుంటాయి. ఒకటి కార్ట్రిడ్జ్, అంటే కన్సోల్‌లో దోపే ఆట ముక్క. అది అచ్చయిపోయిన పుస్తకం లాంటిది, అందులో ఇక అక్షరం మారదు. రెండోది అప్‌డేట్. పాత పుస్తకాల చివర తప్పొప్పుల పట్టిక ఉంటుందే, ఇంచుమించు అది. కాకపోతే అప్పుడప్పుడూ కొత్త అధ్యాయాలు కూడా పట్టుకొస్తుంది. ఇది కార్ట్రిడ్జ్‌లోకి ఎక్కదు, కన్సోల్ మెమరీలోనో మైక్రోఎస్‌డీ కార్డులోనో కూర్చుంటుంది. మూడోది నీ సేవ్. అది ఎప్పుడూ కన్సోల్ లోపలి మెమరీలోనే ఉంటుంది. కార్డులోకి మారుద్దామన్నా మారదు. నీ కార్ట్రిడ్జ్ తీసుకెళ్లి ఫ్రెండు స్విచ్‌లో పెడితే నీ ద్వీపం అక్కడ కనపడకపోవడానికి కారణం అదే. మొదటి రెండూ ఏమైనా డబ్బుతోనో డేటాతోనో మళ్లీ తెచ్చుకోవచ్చు. మూడోది పోతే మాత్రం మళ్లీ గుడారం దగ్గర్నుంచి మొదలు. కాబట్టి నీ జాగ్రత్తంతా దాని మీద పెట్టు. అప్‌డేట్ గురించి నిద్ర మానుకోనక్కర్లేదు.

అప్‌డేట్‌లోనూ రెండు రకాలున్నాయి. కన్సోల్‌కి వచ్చేది ఒకటి, ఆటకి వచ్చేది ఒకటి. కన్సోల్‌ది సిస్టమ్ సెట్టింగ్స్‌లో అట్టడుగున ఉండే సిస్టమ్‌లోకి వెళితే సిస్టమ్ అప్‌డేట్ అని ఉంటుంది. ఒక్కోసారి ఆట అప్‌డేట్ దిగనని మొండికేసి, ముందు సిస్టమ్ అప్‌డేట్ చేయమంటుంది. కంగారు పడకు, వరస అంతే. గుర్తుంచుకోవాల్సింది ఏంటంటే, సిస్టమ్ అప్‌డేట్ ఒకసారి ఎక్కాక వెనక్కి తిప్పడం కుదరదు. అది ఎక్కుతున్నంతసేపూ చార్జర్ పెట్టే ఉంచు. కరెంటు పోయినా నీ చేతిలో ఉన్నదానికి బ్యాటరీ ఉంది కాబట్టి ఫర్వాలేదు. రౌటర్ ఆగిపోతే డౌన్‌లోడ్ ఆగుతుంది, కరెంటొచ్చాక మిగతాది దింపుకుంటుంది. అంతే తప్ప సగంలో విసుగొచ్చి పవర్ బటన్ నొక్కి పట్టుకోవడం లాంటివి చేయకు.

ఆట అప్‌డేట్‌కి, తెర మీద ఆ ఆట బొమ్మ మీద నిలబడి ప్లస్ బటన్ నొక్కు. పేరు కిందే వర్షన్ అంకెలు చుక్కలతో కనిపిస్తాయి. ముందు అవి చూసుకో. తర్వాత సాఫ్ట్‌వేర్ అప్‌డేట్‌లోకి వెళితే రెండు దారులుంటాయి. 'వయా ది ఇంటర్నెట్' అనేది అందరూ నొక్కేది. రెండోది 'మ్యాచ్ వర్షన్ విత్ లోకల్ యూజర్స్'. దీని గురించి తెలిసినవాళ్లు తక్కువ. మన ఇళ్లకి పనికొచ్చేది మాత్రం ఇదే.

సెలవులకి వైజాగ్ నుంచి పెద్దమ్మ పిల్లలు వాళ్ల స్విచ్‌లు పట్టుకుని దిగుతారు కదా. మారియో కార్ట్ 8 డీలక్స్ తీసుకో. అది 2017 ఏప్రిల్‌లో వచ్చిన ఆట. తర్వాత 2022 మార్చి నుంచి 2023 నవంబర్ దాకా ఆరు విడతల్లో 48 ట్రాకులు అదనంగా వచ్చాయి. వాటిని కొనకపోయినా సరే, పక్కపక్కన కూర్చుని రెండు కన్సోల్స్‌లో ఆడాలంటే ఇద్దరి దగ్గరా ఒకే వర్షన్ ఉండాలి. నీది పాతదై వాళ్లది కొత్తదైతే ఒకరికొకరు కలవరు. అప్పుడు నాన్న ఫోన్ హాట్‌స్పాట్ పెట్టి, రోజుకిచ్చే ఒకటిన్నర జీబీ కాస్తా తాగించేసి, సాయంత్రానికి నాన్న వాట్సాప్ తిరగక నిన్ను తిట్టడం ఎందుకు? ఈ రెండో దారిలో వెళితే వాళ్ల కన్సోల్ నుంచే నీ కన్సోల్‌కి అప్‌డేట్ వచ్చేస్తుంది. నెట్‌తో పనిలేదు. రెండూ దగ్గర దగ్గర పెట్టుకుంటే చాలు. ఎవరిది కొత్తదో ముందు చూసుకుని, కొత్తదున్న వాళ్లని పంపమని, పాతదున్న వాళ్లు తీసుకోవాలి.

ఇంట్లో బ్రాడ్‌బ్యాండ్ పెట్టించామని అమ్మ అంది. అయితే సిస్టమ్ సెట్టింగ్స్‌లోనే 'ఆటో-అప్‌డేట్ సాఫ్ట్‌వేర్' అని ఉంటుంది, అది ఆన్‌లోనే ఉంచు. రాత్రి చార్జింగ్‌కి పెట్టి పవర్ బటన్ ఒక్కసారి తట్టి నిద్రపుచ్చితే తెల్లారేసరికి దానంతటదే దించుకుంటుంది. అమ్మమ్మ వాళ్లూరు వెళ్లి ఫోన్ డేటా మీద ఆడే రోజుల్లో మాత్రం అది ఆపేసెయ్. ఆటలోకి వెళ్లేటప్పుడు అడిగినా, అప్‌డేట్ లేకుండానే మొదలుపెట్టే వీలుంటుంది. ఒక్కడివే ఆడుకునేటప్పుడు రెండు రోజులు ఆలస్యమైతే కొంపలేం మునగవు. ఆన్‌లైన్‌లో ఆడాలంటే మాత్రం అప్‌డేట్ చేయక తప్పదు.

అలాగని నెలల తరబడి వాయిదా వేసే రకానివి కావద్దు. పోకెమాన్ ఎక్స్, వై అనే ఆటలు నింటెండో పాత కన్సోల్ 3డీఎస్‌కి 2013 అక్టోబర్‌లో వచ్చాయి. వాటిలో లుమియోస్ సిటీ అనే ఊళ్లో కొన్ని వీధుల్లో నిలబడి సేవ్ చేస్తే, మళ్లీ తెరిచేసరికి ఆట అక్కడే బిగుసుకుపోయేది. అదే నెలలో దాన్ని సరిచేసే ప్యాచ్ (చిన్న అప్‌డేట్) వచ్చింది. అది వేసుకున్నవాళ్లు నిశ్చింతగా తిరిగారు. అంటే నాన్న అనుకుంటున్నదానికి పూర్తిగా తిరగబడిన కథ: సేవ్‌కి ప్రమాదం ఆటలోనే ఉంది, అప్‌డేట్ దాన్ని తప్పించింది. ఈ ముక్క నాన్నకి చదివి వినిపించు. బావగారు నా మాట కాకపోయినా ఉదాహరణ మాట వింటారు.

అప్‌డేట్‌తో నిజంగా పోయేది ఒకటుంది. స్మాష్ బ్రదర్స్ అల్టిమేట్ ఆటలో నువ్వు దాచుకున్న రీప్లేలు (మళ్లీ చూసుకునే పాత మ్యాచ్‌లు) కొత్త వర్షన్‌లో ఆడవు. అన్నని ఓడించిన ఆ మ్యాచ్ పదిమందికీ చూపించాలని ఉంటే అప్‌డేట్‌కి ముందే దాన్ని వీడియోగా మార్చుకో.

ఇప్పుడా ప్రమాదపు బటన్లు. జాగా చాలట్లేదని వస్తే (లైట్‌లో 32 జీబీయే కదా, అందులో కొంత సిస్టమే తినేస్తుంది) ఆడని ఆటని 'ఆర్కైవ్' చెయ్. బొమ్మ అలాగే ఉంటుంది, లోపలి సరుకు మాత్రం ఖాళీ అవుతుంది, సేవ్‌ని తాకదు. 'డిలీట్ సాఫ్ట్‌వేర్' చేసినా సేవ్ ఉంటుంది. సేవ్ తీసేసేది వేరే చోట, డేటా మేనేజ్‌మెంట్‌లో 'డిలీట్ సేవ్ డేటా' అని విడిగా ఉంటుంది. అటువైపు నీకు పనిలేదు. ఇంకోటి, జనం పట్టించుకోనిది: యూజర్‌ని తీసేస్తే ఆ యూజర్ సేవ్‌లన్నీ వాడితోపాటే పోతాయి. పిల్లలొచ్చి తలా ఒక యూజర్ పెట్టుకుని వెళ్లాక, శుభ్రం చేస్తున్నానంటూ ఎవరిది ఎవరిదో తీసేయకు. పేరు రెండుసార్లు చదువుకుని తియ్.

ఆట మధ్యలో ఊరికే మూసుకుపోతుంటే, ప్లస్ నొక్కి, మేనేజ్ సాఫ్ట్‌వేర్‌లో 'చెక్ ఫర్ కరప్ట్ డేటా' చెయ్. చెడిపోయిన ముక్క ఏదైనా ఉంటే మళ్లీ దింపుకోమంటుంది. బజార్లో ఎవరికో చూపిస్తే "ఫార్మాట్ కొట్టేద్దాం" అంటారు, ఒప్పుకోకు. ఒకవేళ అంతదాకా వస్తే, కన్సోల్ పూర్తిగా ఆఫ్ చేసి, రెండు వాల్యూమ్ బటన్లూ కలిపి నొక్కి పట్టుకుని పవర్ నొక్కితే మెయింటెనెన్స్ మోడ్ వస్తుంది. అందులో సేవ్ పోకుండా ఇనిషియలైజ్ (కన్సోల్‌ని మొదటి స్థితికి తేవడం) చేసే వరస ఒకటి, అంతా చెరిపేసే వరస ఒకటి పక్కపక్కనే ఉంటాయి. ఈ పని నువ్వు ఒక్కడివే చేయకు. నాకు వీడియో కాల్ చెయ్, ఇద్దరం కలిసి చదివి నొక్కుదాం.

సేవ్‌కి కాపీ సంగతి. నింటెండో ఆన్‌లైన్ సభ్యత్వం కట్టాను కాబట్టి చాలా ఆటల సేవ్‌లు క్లౌడ్‌కి (కంపెనీ సర్వర్లలోకి) వాటంతటవే వెళతాయి. అన్నీ మాత్రం కాదు. పోకెమాన్ స్వోర్డ్, షీల్డ్, స్కార్లెట్, వయొలెట్ లాంటివి వెళ్లవు, వాటికి దిక్కు కన్సోల్ ఒక్కటే. యానిమల్ క్రాసింగ్ మామూలు క్లౌడ్‌లోకి రాదు, దానికి ద్వీపం బ్యాకప్ అని 2020 జూలై చివర్లో వేరే ఏర్పాటు పెట్టారు. టైటిల్ తెర మీద ఉన్నప్పుడు మైనస్ బటన్ నొక్కితే ఆటలోని పాత్ర టామ్ నూక్ వస్తాడు. ఆయన్ని అడిగి ఆన్ చేసుకోవాలి. ఈ రోజే చెయ్, అప్‌డేట్ కంటే ముందు ఈ పని.

కార్డు కొంటానన్నావు. 128 జీబీది సరిపోతుంది. 64, ఆపైన ఉన్న కార్డులు మొదటిసారి పెట్టినప్పుడు వాటికోసమే ఒక సిస్టమ్ అప్‌డేట్ అడగొచ్చు, అప్పుడు నెట్ ఉండేలా చూసుకో. కన్సోల్ ఆఫ్ చేసి పెట్టు. రోడ్డు పక్క బల్ల మీద వెయ్యి జీబీ మూడొందలకి అన్నదగ్గర కొనకు. వాటిలో చాలావరకు లోపల ఉండే జాగా ఒకటి, పైన రాసేది ఒకటి. మొదట్లో బాగానే నిండుతూ, కొన్నాళ్లకి అప్‌డేట్లన్నీ పాడయ్యాయంటూ వస్తుంది. మన కార్డు తీసి పెద్దమ్మ వాళ్ల స్విచ్‌లో పెట్టి ఆడేద్దామని కూడా అనుకోకు. నీ కన్సోల్‌లో దింపినవి వేరేదాంట్లో పనిచేయవు.

ఇండియాలో నింటెండో ఆన్‌లైన్ దుకాణం లేదు కాబట్టే నీ అకౌంట్ అమెరికాది పెట్టాను. మామూలు అప్‌డేట్లకి దేశంతో పనిలేదు, కార్ట్రిడ్జ్ ఏ దేశానిదైనా దానికి తగ్గది ఉచితంగా దిగుతుంది. డబ్బిచ్చి కొనే అదనపు భాగాలకి మాత్రం ఉంది పట్టింపు. నేను పంపిన అమెరికా కార్ట్రిడ్జ్‌లకి అమెరికా అకౌంట్లో కొన్నవే అతుకుతాయి. అక్కడ సెకండ్‌హ్యాండ్‌లో యూరప్ కార్ట్రిడ్జ్ తీసుకుని, అదనపు ట్రాకులు నా అకౌంట్లో కొంటే డబ్బులు దండగ.

సెకండ్‌హ్యాండ్ అంటే గుర్తొచ్చింది. నీ ఫ్రెండు "వంద ఆటలు ఎక్కించిన" స్విచ్ కొనబోతున్నాడని అన్నావు. అమ్మేవాడు "ఎప్పుడూ అప్‌డేట్ చేయొద్దు" అన్నాడంటే అది దొంగ ఆటలు నడిచేలా లోపల మార్చిన కన్సోల్ అని అర్థం. ఆన్‌లైన్‌కి వెళితే బ్యాన్ పడుతుంది, అప్‌డేట్ చేస్తే ఆగిపోవచ్చు. ఆ ధరకి అది చవక కాదని చెప్పు.

యూట్యూబ్‌లో చూసి "నాకింకా రాలేదేంటి" అని కూడా అడుగుతుంటావు. పీసీకి వచ్చిన రోజే మనకి రావాలని లేదు. స్టార్‌డ్యూ వ్యాలీ ఆట 1.6 వర్షన్ పీసీకి 2024 మార్చిలో వస్తే స్విచ్‌కి నవంబర్‌లో వచ్చింది. ఈలోగా ఎవరో ఇచ్చిన లింకులో ఫైల్ దింపుదామని చూడకు. స్విచ్‌కి అప్‌డేట్ ఆ మెనూలో తప్ప బయట ఎక్కడా దొరకదు.

ఇంకేదైనా తేడా వస్తే "పనిచేయట్లేదు పిన్నీ" అని మెసేజ్ పెట్టకు. తెర మీద నాలుగంకెలు, మధ్యలో గీత, మళ్లీ నాలుగంకెలు ఉన్న ఎర్రర్ కోడ్ వస్తుంది. అది ఫొటో తియ్. అప్పుడు ఏ వైఫై మీద ఉన్నావో, కార్డు ఉందో లేదో, బ్యాటరీ ఎంతుందో కూడా రాయి. మీకు రాత్రి తొమ్మిది లోపు పంపితే పొద్దున ఆఫీసుకి బయల్దేరే ముందు చూసి చెబుతా.

ఇట్లు,
పిన్ని