పక్క ఎకరం కొనాలా, యూరోలు దాచాలా?

ప్రశ్న: సార్, నాకు 23 ఏళ్లు. మాది నర్సంపేట దగ్గర పల్లె. మహిళల ఫుట్‌బాల్‌లో మిడ్‌ఫీల్డర్‌ని. ఆగస్టు 4న విమానమెక్కి యూరప్‌లోని ఒక క్లబ్బులో చేరాను. దేశం పేరు, క్లబ్బు పేరు రాయకండి. జీతం నెలకు 1,400 యూరోలు, కోతలు పోను చేతికి 1,100 వస్తున్నాయి. గది క్లబ్బుదే. ఖర్చులు పోగా నెలకు 700 దాకా మిగులుతున్నాయి. ఐదు నెలల్లో మూడున్నర లక్షల రూపాయలు జమయ్యాయి. కాంట్రాక్టు మే 31 వరకు. ఇంకో సీజన్ పొడిగించాలా వద్దా అన్నది క్లబ్బు ఇష్టం. ఊళ్లో మా చేను పక్క ఎకరం అమ్మకానికి వచ్చింది, 28 లక్షలు చెబుతున్నారు. మిర్చి డబ్బులు నాలుగున్నర లక్షలు, నా డబ్బు కలిపి, మిగతాది అప్పు తెచ్చి నా పేరు మీదే కొందామని నాన్న అంటున్నారు. మామయ్య హనుమకొండలో 10 లక్షల చిట్టీ వేయమంటున్నాడు. అమ్మేమో రైల్వే ఉద్యోగం చూసుకోమంటోంది. ఇక్కడి జీతానికి మన దగ్గర ట్యాక్స్ కట్టాలా? అంతా టెన్షన్‌గా ఉంది.

జవాబు: అమ్మా, మీ ఉత్తరం చదువుతూ మే 31 దగ్గర ఆగిపోయాను. నెలనెలా డబ్బు పడుతోంది కాబట్టి ఇంట్లో అందరూ దీన్ని ఉద్యోగం కింద లెక్కేస్తున్నారు. ఆగస్టు నుంచి మే దాకా పది జీతాలు. జూన్, జూలైల్లో రూపాయి రాదు. ఆ తర్వాత క్లబ్బు సరే అంటేనే మళ్లీ. మీ నాన్నకు అర్థమయ్యే మాటలో చెప్పాలంటే ఇది పంట డబ్బు. వరంగల్ ఎనుమాముల మార్కెట్లో మిర్చి అమ్మి బయటికొచ్చిన రైతు జేబులో లక్షలుంటాయి. అయినా అందులోంచే వానాకాలం విత్తనాలు, కూలీలు, పిల్లల ఫీజులు వెళ్లాలని ఆయనకు తెలుసు. వచ్చే ఏడు తామర పురుగు పడితే ఏంటన్న భయం ఉండనే ఉంటుంది.

మీ పంటకు పట్టే తామర పురుగు పేరు ఏసీఎల్. మోకాలి లోపల ఎముకలను కలిపి ఉంచే ఆ లిగమెంట్ తెగడం మగ ఆటగాళ్ల కంటే ఆడపిల్లల్లో ఎక్కువ. మళ్లీ మైదానంలో దిగడానికి తొమ్మిది నెలల నుంచి ఏడాది పడుతుంది, అంటే ఒక సీజన్ మొత్తం. గాయమే కానక్కర్లేదు. మణిపూర్ అమ్మాయి బాలా దేవి 2020 జనవరిలో స్కాట్లాండ్‌లోని రేంజర్స్‌తో 18 నెలల ఒప్పందం చేసుకుంది. రెండు నెలలు తిరగకుండానే కోవిడ్ వచ్చి లీగే ఆగిపోయింది. మన నిజామాబాద్ జిల్లా బిడ్డ గుగులోత్ సౌమ్య 2022లో క్రొయేషియాలోని డైనమో జాగ్రెబ్‌కు వెళ్లింది, తర్వాత మన దేశపు క్లబ్బులకే తిరిగి వచ్చి బాగా ఆడుతోంది. విదేశీ కాంట్రాక్టు చిన్నదిగా ఉండటం ఎవరి తప్పూ కాదు, ఆ ఆట తీరే అంత.

మీ జీతం తక్కువని మాత్రం అనుకోకండి. మహిళా ఫుట్‌బాల్ క్లబ్బుల మీద ప్రపంచ ఫుట్‌బాల్ సంస్థ ఫిఫా వేసిన లెక్కలో ప్రపంచ సగటు జీతం ఏడాదికి 10,900 డాలర్ల దగ్గర తేలింది. పది నెలలకు 14,000 యూరోలంటే మీరు ఆ గీత దాటే ఉన్నారు.

ఇప్పుడు ఎకరం సంగతి. యూరో వంద రూపాయలనుకుందాం, లెక్కకు సులువు. సీజన్ మొత్తంలో మీకు మిగిలేది 7 లక్షలు. 28 లక్షల్లో మీ మూడున్నర, నాన్న నాలుగున్నర పోను 20 లక్షలు అప్పు. ఊళ్లో రెండు రూపాయల వడ్డీకి తెచ్చారనుకోండి, నెలకు 40 వేలు, ఏడాదికి 4 లక్షల 80 వేలు. అసలులో పైసా తగ్గదు. మీరు చలిలో పది నెలలు పరిగెత్తి మిగిల్చిన ఏడు లక్షల్లో దాదాపు ఐదు లక్షలు వడ్డీకే పోతాయి. రిజిస్ట్రేషన్ ఖర్చు వేరే. ఆ ఎకరంలో మిర్చి వేస్తే పెట్టుబడి పోను ఏటా 4 లక్షల 80 వేలు మిగులుతాయా? ఇది నేను చెప్పేకంటే నాన్ననే అడగండి. ఆయన అబద్ధం చెప్పరు, రైతుకు తన ఎకరం లెక్క నోటి మీదే ఉంటుంది.

పైగా మీ పేరు మీద కుదరదు. ఉద్యోగం కోసం దేశం దాటిన రోజు నుంచే విదేశీ మారకపు చట్టం ఫెమా దృష్టిలో మీరు ఎన్నారై. ఎన్నారైలు ఇక్కడ ఇల్లు కొనొచ్చు, ఇంటి జాగా కొనొచ్చు. వ్యవసాయ భూమి, తోటలు, ఫామ్‌హౌస్ కొనకూడదు. వారసత్వంగా వస్తే ఉంచుకోవచ్చు. ‘బిడ్డ పాస్‌పోర్టు మనదే కదా, తహసీల్దార్ ఆఫీసులో ఎవరడుగుతారు’ అనేవాళ్లు ఊళ్లో నలుగురు దొరుకుతారు. తర్వాత నోటీసు వస్తే ఆ నలుగురిలో ఒక్కరూ ఫోన్ ఎత్తరు.

మీరు డబ్బు పంపి నాన్న పేరున కొనడంలో తప్పు లేదు. కూతురు తండ్రికిచ్చిన డబ్బు మీద పన్ను కూడా లేదు. అయితే అప్పుడు ఆ ఎకరం నాన్నది. ఆయన వీలునామా రాయకపోతే అమ్మకు, మీకు, నానమ్మ, తోబుట్టువులు ఉంటే వాళ్లకు సమాన వాటాలు వస్తాయి. అది మీకు సమ్మతమేనా అన్నది ఇప్పుడే, నవ్వుతూనే, మాట్లాడుకోండి. పదేళ్ల తర్వాత ఈ మాట నవ్వుతూ మాట్లాడుకున్న ఇల్లు నేనింకా చూడలేదు.

చిట్టీ గురించి మామయ్యను నొప్పించకుండా వద్దనండి. ఓరుగల్లులో చిట్టీ వేయని ఇల్లు అరుదు, నేనూ వేశాను. పదకొండేళ్ల కింద ఒక కంపెనీలో పాట పాడి ఎత్తితే చెక్కు చేతికి రావడానికి ఎనిమిది నెలలు పట్టింది. రోజూ సాయంత్రం ఆ ఆఫీసు మెట్ల మీద కూర్చునేవాణ్ని, వాచ్‌మన్ టీ తెచ్చిచ్చేవాడు. మా అమ్మాయి కాలేజీ ఫీజు వేరే చోట అప్పు చేసి కట్టాను. మీ విషయంలో అసలు చిక్కు వేరే ఉంది. 10 లక్షల చిట్టీ 50 నెలలైతే నెలకు 20 వేల దాకా కట్టాలి. జీతం లేని జూన్, జూలైల్లోనూ కట్టాలి, కాలు విరిగినా కట్టాలి. ఎత్తుకోవాలంటే జామీనుదారులు కావాలి, వాళ్లను మీరు పరాయి దేశం నుంచి వెతకలేరు. ఎన్నారైలు బ్యాంకు ద్వారా చిట్టీ కట్టడానికి రిజర్వు బ్యాంకు 2015లోనే ఒప్పుకుంది, కానీ ఆ డబ్బు తిరిగి విదేశానికి తీసుకెళ్లే వీల్లేదు. ఆట మానేసి ఊళ్లో స్థిరపడ్డాక, చిట్టీల రిజిస్ట్రార్ దగ్గర నమోదైన కంపెనీయేనని కాగితం చూసుకుని, అప్పుడు ఆలోచించండి.

ట్యాక్స్ దగ్గర కాస్త ఓపిగ్గా చదవండి. ఇక్కడ రోజుల లెక్కే అంతా. మన ఆర్థిక సంవత్సరం ఏప్రిల్ 1 నుంచి మార్చి 31. మీ సీజనేమో ఆగస్టు నుంచి మే. ఈ రెండూ ఒకదాన్నొకటి కత్తిరించుకునే చోటే మీలాంటి వాళ్లు దెబ్బతింటారు.

ఏప్రిల్ 1 నుంచి ఆగస్టు 4 దాకా మీరు ఇండియాలో ఉన్నది 126 రోజులు. క్రిస్మస్ సెలవులకు 12 రోజులు వచ్చారనుకుంటే 138. ఉద్యోగానికి బయటికెళ్లిన ఏడాదిలో 182 రోజులకు తక్కువ ఉంటే పన్ను లెక్కలో కూడా మీరు నాన్ రెసిడెంట్, అంటే ఇక్కడ నివాసం లేనివారు. అక్కడ సంపాదించిన జీతానికి ఇక్కడ పన్ను లేదు, ఆ డబ్బు ఇంటికి పంపినా లేదు. అదే మీరు ఆగస్టులో కాకుండా, ఆటగాళ్లు క్లబ్బులు మారే జనవరి ట్రాన్స్‌ఫర్లలో వెళ్లుంటే? అప్పటికే 280 రోజులు దాటేవి, ఆ ఏడాది మొత్తానికి రెసిడెంట్ అయ్యేవారు, జనవరి నుంచి మార్చి దాకా వచ్చిన జీతం ఇక్కడ కూడా చూపాల్సి వచ్చేది. అదే క్లబ్బు, అదే జీతం, లెక్క మాత్రం తలకిందులు.

మే 31తో కాంట్రాక్టు ముగిసి మీరు ఇంటికొస్తే వచ్చే ఆర్థిక సంవత్సరం కథ మారుతుంది. జూన్ నుంచి మార్చి దాకా 304 రోజులు ఇక్కడే ఉంటే రెసిడెంట్ అవుతారు. అప్పుడు అక్కడి ఏప్రిల్, మే జీతం కూడా ఇక్కడి రిటర్నులో చూపాలి. కొత్త పన్ను విధానంలో 12 లక్షల ఆదాయం దాకా పన్ను పడదు కాబట్టి కట్టాల్సింది బహుశా ఏమీ ఉండదు. ఉన్నా, అక్కడ కట్టిన పన్నును ఆ దేశంతో మనకున్న ఒప్పందాన్ని బట్టి ఇక్కడ తగ్గించుకోవచ్చు. కానీ రిటర్ను వేసి తీరాలి, అక్కడి బ్యాంకు ఖాతాను కూడా అందులో చూపాలి. పన్ను లేదు కదా అని ఊరుకుంటే, ఖాతా దాచారన్న నోటీసు రావచ్చు.

జాతీయ జట్టు క్యాంపులు మర్చిపోకండి. పిలుపు వచ్చి ఇక్కడ 20 రోజులు క్యాంపులో ఉంటే ఆ 20 రోజులూ ఇండియా లెక్కలోకే వస్తాయి, ఇక్కడ ఇచ్చే భత్యం ఇక్కడి ఆదాయమే. పాస్‌పోర్టు మీద ముద్ర పడ్డ ప్రతిసారీ ఆ పేజీ ఫొటో తీసి పెట్టుకోండి. బంతి కాళ్ల దగ్గరికి రాకముందే భుజం మీదుగా తల తిప్పి చూస్తారు కదా మీరు, విమానం టికెట్ బుక్ చేసే ముందు ఈ లెక్క అలా చూసుకుంటే చాలు.

బ్యాంకు పని ఆలస్యం చేయకండి. నర్సంపేటలోని మీ పాత సేవింగ్స్ ఖాతాను ఎన్‌ఆర్‌ఓగా, అంటే ఎన్నారైల ఇక్కడి ఆదాయం కోసం ఉండే ఖాతాగా మార్పించాలి. అక్కడి నుంచి పంపే డబ్బుకు కొత్తగా ఎన్‌ఆర్‌ఈ ఖాతా తెరవాలి. ఎన్‌ఆర్‌ఈలో వడ్డీకి ఇక్కడ పన్ను లేదు, ఎప్పుడైనా తిరిగి తీసుకెళ్లొచ్చు. ఎన్‌ఆర్‌ఓలో వడ్డీ మీద ముందే 30 శాతం పట్టుకుంటారు, మీ ఆదాయానికి రిటర్ను వేసి వెనక్కి తెచ్చుకోవచ్చు. తెలిసినవాళ్ల చేతికి యూరోలిచ్చి ఇక్కడ రూపాయలు తీసుకునే పద్ధతి మీ జట్టు వాళ్లు ఎవరైనా చెప్పినా చెవిన పెట్టకండి.

మూడున్నర లక్షల్లో లక్షన్నర ఎన్‌ఆర్‌ఈ సేవింగ్స్‌లోనే ఉంచండి. జూన్, జూలై తిండి, ప్రయాణం, ఫిజియో ఖర్చు అందులోంచే. మిగతా రెండు లక్షలు ఏడాది ఎన్‌ఆర్‌ఈ ఫిక్స్‌డ్ డిపాజిట్, ఏడాది నిండకుండా తీస్తే వడ్డీ రాదని గుర్తుంచుకోండి. జనవరి నుంచి మిగిలే దాంట్లో నెలకు 15 వేలు, షేర్ మార్కెట్ సూచీని అనుసరించే ఇండెక్స్ ఫండ్‌లో సిప్ (నెలనెలా కొంత వేయడం) వేయొచ్చు, ముందు కేవైసీలో ఎన్నారై అని మార్పించాలి. సిప్ ఆపేస్తే ఎవరూ ఇంటికి రారు, చిట్టీకి దీనికి తేడా అదే. అమ్మానాన్నలకు ఆరోగ్య బీమా లేకపోతే మీ సిప్ కంటే అది ముందు. మీ బీమా విషయంలో ‘నేను డబ్బులు తీసుకుని ఆడే ప్లేయర్‌ని, ఆటలో తగిలిన దెబ్బకు వర్తిస్తుందా’ అని కంపెనీని మెయిల్‌లో అడిగి, జవాబు దాచుకోండి.

కాంట్రాక్టు కాగితం మళ్లీ తీయండి. గాయమైన నెలల్లో జీతం ఇస్తారా, ఆపరేషన్ ఎవరి ఖర్చు, పొడిగింపు సంగతి ఏ తేదీలోగా చెప్పాలి, ఈ మూడూ అందులో ఉన్నాయా? తేదీ లేకపోతే ఇప్పుడే రాయించుకోండి, జూలైలో ‘వద్దు’ అంటే మీకు వేరే క్లబ్బు దొరకడం కష్టం. రెండు నెలల జీతం ఆపితే, 15 రోజుల గడువిచ్చి రాతపూర్వకంగా అడిగి, అయినా ఇవ్వకపోతే కాంట్రాక్టు రద్దు చేసుకునే హక్కు ఫిఫా నిబంధనల్లోనే ఉంది. ఏజెంట్ ఉంటే ఫిఫా లైసెన్సు ఉందో లేదో చూడండి. ట్రయల్స్ పేరుతో ముందే డబ్బు అడిగేవాడు ఏజెంట్ కాదు.

అమ్మ మాట మాత్రం తేలిగ్గా తీసుకోవద్దు. రైల్వే స్పోర్ట్స్ కోటాలో వయసు 18 నుంచి 25, అందులో సడలింపు లేదు. మీకు 23. నోటిఫికేషన్‌లో మీ ఆట ఉందో లేదో ఏటా చూడాలి, ఇటీవలి సర్టిఫికెట్లే లెక్కలోకి వస్తాయి. వెంటనే తిరిగి రమ్మని కాదు, ఆ తలుపు మూసుకునే తేదీ తెలుసుకుని ఆడండి. 2025 జూలైలో థాయ్‌లాండ్ మీద రెండు గోల్స్ కొట్టి మనల్ని ఆసియా కప్‌కు చేర్చిన సంగీత బాస్ఫోర్ కూడా మిడ్‌ఫీల్డరే, సరిహద్దులు కాసే సశస్త్ర సీమా బల్ జట్టులో ఆడిన అమ్మాయి. యూనిఫాం ఉద్యోగం ఆటను చంపేస్తుందనే మాట అంత నిజం కాదు.

ఇక ఆ ఎకరం. నాన్నకు దాని మీద మనసు పడిందంటే అది 28 లక్షల మాట కాదు, గట్టు పక్కన ఇంకొకరు రాకూడదన్న బాధ. భూమి అమ్ముతున్న ఆయనకు తొందర లేకపోతే ఉగాదికి కౌలు మాట్లాడుకోమనండి. రెండు పంటలు చేతి మీదుగా చేస్తే ఆ నేల ఎంతిస్తుందో తెలుస్తుంది, ఈలోగా మీ క్లబ్బు ఏమంటుందో కూడా తెలుస్తుంది. కౌలు డబ్బు మీరు పంపండి, అప్పు లేకుండా అయిపోతుంది. నాన్న వినకపోతే నాకు ఫోన్ చేయమనండి. మిర్చి కోతలు అయ్యాకే, ఇప్పుడైతే ఆయన ఎత్తరు.