లారీలో ఇన్వర్టర్ పెట్టిస్తున్నావట!

చిరంజీవి అల్లుడికి మావయ్య రాసేది.

లారీలో ఇన్వర్టర్ పెట్టించి క్యాబిన్‌లోనే అన్నం వండుకుంటావని మీ అమ్మ ఫోన్లో చెప్పింది. మంచిదే. నాగ్‌పూర్ దారిలో ఆ ధాబా రొట్టెలతో నీ కడుపెప్పుడు నిండింది గనక! కానీ విన్నప్పట్నుంచి నాకు నిద్ర పట్టట్లేదురా.

నీ బండి 24 వోల్టులది, ఇన్వర్టరూ 24దే కొను. చవగ్గా వచ్చిందని 12ది తెచ్చి రెండు బ్యాటరీల్లో ఒకదానికి తగిలించావో, అది నీరసించిపోతుంది, రెండోది ఛార్జి ఎక్కువై ఉడికిపోతుంది. సిగరెట్ లైటర్ సాకెట్ ఫోన్లకే.

నా బెంగంతా ఫ్యూజు గురించి. మా ఓనరు ఇంకో బండిలో ఇన్వర్టర్ బిగించిన మేస్త్రీ, చూసుకోడానికి వీలుగా ఉంటుందని ఫ్యూజుని క్యాబిన్‌లో పెట్టాడు. బ్యాటరీ పెట్టె నుంచి వైరుని ఛాసిస్ వెంట ఊరికే లాగేశాడు. గతుకుల్లో అది ఇనప అంచుకి రాసుకుని రాసుకుని తొడుగు అరిగిపోయింది. ఆదిలాబాద్ దాటాక బండి పక్కకి ఆపుకుని డ్రైవరూ క్లీనరూ పడుకున్నారు. షార్టయింది. బ్యాటరీకీ ఫ్యూజుకీ మధ్యలోనే అయితే ఫ్యూజుకేం తెలుస్తుంది? అది నిక్షేపంలా ఉంది, వైరు ఎర్రగా కాగింది. క్లీనర్ కుర్రాడికి రబ్బరు కాలిన వాసన తగలబట్టి సరిపోయింది. దిగి బ్యాటరీ వైరు పీకేసరికి వాడి అరచెయ్యంతా బొబ్బలు. వాడిదీ నీ వయసే.

అందుకని ఫ్యూజు బ్యాటరీ ప్లస్సుకి జానెడు దూరంలోనే ఉండాలి. 1000 వాట్ల ఇన్వర్టరంటే 24 వోల్టుల మీద 42 ఆంపియర్లు, ఇన్వర్టర్ తినేదీ కలిపితే 50 దాకా పోతుంది. 60 ఆంపియర్ల ఫ్యూజు, 16 చదరపు మిల్లీమీటర్ల రాగి వైరు వేయించు. వైరు మీద పైపు తొడిగించు, ఇనుముని దాటే ప్రతి చోటా రబ్బరు బుష్ పెట్టించు. ఆటోనగర్లో మేస్త్రీ "ఇదంతా ఎందుకు బాసూ" అంటాడు. తలూపి ఊరుకోకు. నీది మీ అమ్మ పోలిక, ఎవరికీ ఎదురు చెప్పలేవు, అదే నా భయం.

ఇన్వర్టర్ని పరుపు కింద దూర్చకు, గాలి ఆడాలి. కరెంటు కుక్కర్‌ని ఇంజన్ నడుస్తుండగానే పెట్టు, లేకపోతే పొద్దున సెల్ఫ్ కొట్టదు. పడుకునే ముందు ఇన్వర్టర్ ఆపెయ్.

గోంగూర పచ్చడి అత్తయ్య కట్టి ఉంచింది, వెళ్లేటప్పుడు తీసుకెళ్లు. పని అయ్యాక ఫోటో పంపు. ఇన్వర్టర్ది కాదు, ఫ్యూజుది.

మావయ్య