గ్రంథాలయంలో స్ప్రే సంగతి తర్వాత, ముందు నాన్నగారిని చూడండి

ప్రశ్న: మాది సోంపేట దగ్గర పల్లె. అమెరికాలో మత్తుమందు ఎక్కువై పడిపోయినవాళ్లను బతికించే నాలోక్సోన్ స్ప్రేని రోడ్ల పక్క పెట్టెల్లో ఉంచుతారని, ఎవరైనా తీసి వాడొచ్చని చదివాం. మా ఊళ్లోనూ కొందరు కుర్రాళ్లు నొప్పి మాత్రలు మత్తు కోసం మింగుతున్నారు. యువజన సంఘం తరఫున చందాలు వేసుకుని గ్రంథాలయంలో కొన్ని స్ప్రేలు పెడదామనుకుంటున్నాం. ఎక్కడ దొరుకుతాయి? ఇంకో మాట. మా నాన్నకు 58 ఏళ్లు. కిడ్నీ జబ్బు, క్రియాటినిన్ 4.2. సుగర్ కూడా ఉంది, మాత్రలు వాడుతున్నారు. నడుంనొప్పికి ఆర్‌ఎంపీ గారు ఇచ్చిన ట్రమడాల్ ఏడాదిగా వేసుకుంటున్నారు, ఈమధ్య రోజుకు మూడు. కాళ్ల మంటలకు రాత్రిపూట ప్రెగబాలిన్ గొట్టం బిళ్ళ. వారం నుంచి పగలంతా నిద్రే, పిలిస్తే ఒక పట్టాన లేవడం లేదు. కిడ్నీ నీరసమేనా?

సలహా: ఊరి కోసం ఆలోచించినందుకు సంతోషం. కానీ మీ ఉత్తరంలో నేను ఆగిపోయింది ఆ ‘ఇంకో మాట’ దగ్గర. నాలోక్సోన్ ఏ మందుకు విరుగుడో, ఆ జాతి మాత్రనే మీ నాన్నగారు రోజుకు మూడు వేసుకుంటున్నారు. ట్రమడాల్ శరీరంలో మారాక బయటికి పోవాల్సింది కిడ్నీల ద్వారానే. క్రియాటినిన్ 4.2 ఉన్నవారిలో, అంటే కిడ్నీలు బాగా దెబ్బతిన్నవారిలో, అది సరిగా పోదు, రోజురోజుకూ పేరుకుంటుంది. ప్రెగబాలిన్‌ సంగతీ అంతే. రెండూ కలిస్తే మత్తు పెరగడంతో ఆగదు, ఊపిరి నెమ్మదిస్తుంది.

మనిషిని చూడకుండా ఇదే కారణమని నేను రాసి ఇవ్వలేను. కిడ్నీ జబ్బు ముదిరినా మత్తుగానే ఉంటుంది. సుగర్ మాత్రలు కూడా కిడ్నీలు పనిచేయనప్పుడు ఒంట్లో నిలిచిపోయి, సుగర్ బాగా పడిపోయి మనిషి లేవలేకపోవచ్చు. కాబట్టి ఇది చదివిన వెంటనే వేలిపై సుగర్ చూడండి. మిషన్ లేకపోతే ఏఎన్ఎం గారిని పిలవండి. 70 కన్నా తక్కువుండి, మెలకువగా మింగగలిగితే పంచదార నీళ్లు ఇవ్వండి. మింగలేని మనిషి నోట్లో ఏమీ పోయొద్దు.

తర్వాత ఆయన ఛాతీ మీద కళ్లు పెట్టి, గడియారం చూస్తూ నిమిషం పాటు ఊపిరి లెక్కపెట్టండి. పెద్దవారికి మామూలుగా 12 నుంచి 20. పదికి తగ్గినా, మధ్యలో ఊపిరి ఆగి ఆగి వస్తున్నా, గొంతులో గరగరమంటూ కొత్తరకం గురక వస్తున్నా, పెదాలు నీలంగా మారినా, గట్టిగా తట్టినా కళ్లు తెరవకపోయినా 108కి ఫోన్ చేయండి. వచ్చేలోపు ఒక పక్కకు తిప్పి పడుకోబెట్టండి. ఊపిరి చక్కగా ఉన్నా సరే ఈరోజే ఆసుపత్రికి తీసుకెళ్లాలి. మత్తుగా ఉన్నంతసేపు తర్వాతి డోసు వేయొద్దు. ఆ మాటను ‘రేపటి నుంచి అన్నీ మానిపించేద్దాం’ అని అర్థం చేసుకోకండి. ఏడాదిగా అలవాటైన ట్రమడాల్‌ను డాక్టరు చూడకుండా ఆపేస్తే ఒళ్లు నొప్పులు, చెమటలు, విరేచనాలు పట్టుకుంటాయి. ఎలా తగ్గించాలో చూసినవాళ్లే చెప్పాలి.

ఒక్కటి అడుగుతాను, కోపగించుకోకండి. వారం నుంచి లేవకపోతే వారం ఎందుకు ఆగారు? ఉద్దానం వైపు నుంచి వచ్చే ఇళ్లలో నేను రోజూ వినే మాటే ఇది: ‘నొప్పితో నిద్రపట్టేది కాదండి, ఇప్పుడు హాయిగా పడుకుంటున్నాడని ఊరుకున్నాం.’ గురకను హాయి అనుకుంటారు. తెల్లారేదాకా చూద్దామంటారు. తాగి పడిపోయిన కుర్రాడికీ ఇదే వైద్యం, దుప్పటి కప్పి వదిలేయడం. మాత్రల మత్తులో మనిషి పోయేది ఎక్కువగా ఆ నిద్రలోనే.

ఉద్దానంలో కిడ్నీలు ఎందుకు పాడవుతున్నాయో ఇప్పటికీ తేలలేదు. నొప్పి మాత్రలే కారణమని నేను అనడం లేదు. కానీ పాడైన కిడ్నీ మీద డైక్లోఫెనాక్, ఎసిక్లోఫెనాక్ లాంటి నొప్పి మాత్రలు పడితే అది ఇంకా దెబ్బతింటుంది. అవి వద్దన్నామని ఆర్‌ఎంపీలు ట్రమడాల్‌కు మారారు. కిడ్నీ రోగికి అది అసలు వాడకూడదని కాదు, డోసు తగ్గించి, ఎడం పెంచి ఇస్తాం. 2018 నుంచి అది మత్తుమందులను అదుపుచేసే ఎన్‌డీపీఎస్ చట్టం కిందికి వచ్చింది. చీటీ లేకుండా మందుల షాపులో స్ట్రిప్పులకు స్ట్రిప్పులు ఇవ్వడం తప్పు. జీడితోట పనికి వెళ్లొచ్చి నడుం పట్టేసిందని కౌంటర్ దగ్గర ‘గట్టిది ఇవ్వు’ అనేవాళ్లు కూడా కాస్త ఆలోచించాలి.

ఇప్పుడు మీ స్ప్రే. అమెరికాలో 2023లో నాలోక్సోన్ ముక్కు స్ప్రేని చీటీ లేకుండా అమ్మడానికి అనుమతించారు. అక్కడ ఫెంటనిల్ అనే చాలా గట్టి మత్తుమందుతో జనం ఆ స్థాయిలో చనిపోతున్నారు కాబట్టి పెట్టెలు పెట్టడం సబబే. పడిపోయినవారి పక్కన ఉండే అవకాశమున్న మామూలు జనానికీ ఈ మందు అందాలని, వాడటం నేర్పాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ కూడా 2014లోనే చెప్పింది. నేను వ్యతిరేకిని కాను. మన దేశంలో మాత్రం నాలోక్సోన్ అత్యవసర మందుల జాబితాలో ఉన్నా, డాక్టరు చీటీ మీద ఇచ్చే మందు. ఆసుపత్రుల్లో మేం వాడేది ఇంజెక్షన్. ఆన్‌లైన్లో ఎవరో అమ్ముతున్నారని తెప్పించి గ్రంథాలయం బీరువాలో పెట్టకండి.

ఇంకో చిక్కుంది. మన పల్లెల్లో స్పృహ లేకుండా పడి ఉన్నవారిలో ఎంతమంది పురుగుల మందు తాగినవారో మీకు తెలియనిది కాదు. అందులో చాలా రకాలకూ కంటిపాప సూదిమొనంత అవుతుంది, అచ్చం మత్తుమాత్రలకు అయినట్టే. నోట్లో నురగ, చెమట, పురుగుల మందు వాసన ఉంటే అది వేరే సంగతి. దానికి అట్రోపిన్ కావాలి, నాలోక్సోన్ ఏమీ చేయదు. సారాకు, గంజాయికి, ఆల్ప్రజోలం లాంటి నిద్రమాత్రలకు, కట్లపాము కాటుకు కూడా పనిచేయదు. స్ప్రే కొట్టాం కదా, లేస్తాడులే అని అరగంట కూర్చుంటే ఆ అరగంటే ప్రాణం తీస్తుంది. సరైన చోట వాడినా దాని ప్రభావం 30 నుంచి 90 నిమిషాలే, కడుపులోని మాత్ర అంతకంటే ఎక్కువసేపు పనిచేస్తుంది. లేచి కూర్చున్నవాడు మళ్లీ మత్తులోకి జారిపోవచ్చు. ట్రమడాల్ మింగినవారిలో విరుగుడు పూర్తిగా పనిచేయకపోవచ్చు, ఫిట్స్ కూడా రావచ్చు.

చందా డబ్బులు ఉంచండి. సంఘం నుంచి నలుగురు మీ పీహెచ్‌సీ డాక్టరుగారి దగ్గరికి వెళ్లి, నాలోక్సోన్, అట్రోపిన్ రెండూ స్టాకులో ఉన్నాయా అని అడగండి. లేకపోతే ఇండెంట్ పెట్టమని కాగితం రాసివ్వండి. పక్కకు తిప్పడం, నోటితో ఊపిరి ఊదడం, ఛాతీ నొక్కడం నేర్పమనండి. ఒక పూట పని. కుర్రాళ్ల విషయానికొస్తే పోలీసులంటారనే భయంతోనే స్నేహితులు దాచిపెడతారు. 14446 ఉచిత నంబరు, మత్తు మానాలనుకునేవారికి సలహా చెబుతారు, ఇంటివాళ్లూ చేయవచ్చు.

నాన్నగారిని తీసుకెళ్లేటప్పుడు పాత కిడ్నీ రిపోర్టులతో పాటు ఇంట్లో ఉన్న స్ట్రిప్పులన్నీ ఒక సంచిలో వేసుకెళ్లండి, ఖాళీవి కూడా. చివరి మాత్ర ఏ టైముకి వేశారో చీటీ మీద రాయండి. ఆర్‌ఎంపీ గారు ఇంజెక్షన్లు చేసి ఉంటే అదీ దాచకుండా చెప్పండి, డ్యూటీ డాక్టరు మొదట అడిగేది అదే.