లిస్టు రాసుకునే కెప్టెన్

ప్రియమైన తమ్ముడికి,

నీ కథ రెండుసార్లు చదివాను. హీరో బాగా కుదిరాడు. కానీ మూడో పేజీలో వచ్చే ఆ ఎస్సై? తలుపు కొట్టాడు, అరిచాడు, వెళ్లిపోయాడు. అతనికి అంతకుమించి బతుకు లేదన్నట్టు రాశావు. అక్కడ నా మనసు చివుక్కుమంది.

నీకు ఫిలిప్ మాడాక్ గురించి చెప్పాలి. 1934లో వేల్స్‌లోని మెర్థిర్ టిడ్‌ఫిల్‌లో పుట్టాడు. వియన్నాలో చదువుకుని, కొన్నాళ్లు దుబాసీగా పనిచేసి నటనలోకి వచ్చాడు. జర్మన్ ధారాళంగా వచ్చు. గొంతు గంభీరం. దాంతో బ్రిటిష్ టీవీలో విలన్ వేషాలు చాలానే వచ్చాయి.

1973లో, రెండో ప్రపంచ యుద్ధ కాలం మీద తీసిన 'డాడ్స్ ఆర్మీ' అనే కామెడీ సీరియల్‌లో, ఒక్క ఎపిసోడ్‌లో, పట్టుబడ్డ జర్మన్ జలాంతర్గామి కెప్టెన్‌గా కనిపించాడు. తనకు కాపలా ఉన్నవాళ్ల పేర్లు లిస్టు రాసుకుంటుంటాడు, యుద్ధం గెలిచాక లెక్క తేల్చడానికి. ఆ కాపలావాళ్లలో పైక్ అనే కుర్రాడు హిట్లర్‌ని వెక్కిరిస్తూ పాడతాడు. "నీ పేరూ లిస్టులో ఎక్కుతుంది, ఏంటి నీ పేరు?" అంటాడు కెప్టెన్. "చెప్పకు, పైక్!" అని అరుస్తాడు పైక్ పై అధికారి. బ్రిటన్‌లో జనం ఆ మాటను ఇప్పటికీ తలుచుకుని నవ్వుకుంటారు.

నవ్వు ఆ అధికారి మాటకే వచ్చింది. కానీ మాడాక్ మొహం చూడు. అతనికి ఆ లిస్టు నిజం, తన దేశం గెలుస్తుందన్న నమ్మకమూ నిజం. అతను కాస్త నవ్వించాలని చూసినా సీన్ చచ్చిపోయేది. రచయితలు జిమ్మీ పెర్రీ, డేవిడ్ క్రాఫ్ట్ ఆ ఖైదీకి ఓ పని పెట్టారు, గమనించావా? నీ ఎస్సైకి అలాంటిది ఏదీ లేదు.

1981లో, ఒకప్పటి బ్రిటన్ ప్రధాని లాయిడ్ జార్జ్ జీవితం మీద బీబీసీ తీసిన సీరియల్‌లో ప్రధాన పాత్ర మాడాక్‌దే. తర్వాత 'ఎ మైండ్ టు కిల్' అనే టీవీ సీరియల్‌లో డిటెక్టివ్‌గా చేశాడు. దాన్ని వెల్ష్‌లో ఒకసారి, ఇంగ్లీషులో ఒకసారి తీశారు. మనిషి ఒక్కడే, కోపం ఒక్కటే, మాట మాత్రం రెండు భాషల్లో పుట్టాలి. ఇది తలుచుకున్నప్పుడల్లా నాకు ఒళ్లు పులకరిస్తుంది. నీ ఎస్సైది శ్రీకాకుళమా, కడపా? అతని మాటలు గట్టిగా చదివి చూడు, తెలియట్లేదు.

టెన్షన్ పడకు. కథ మొత్తం మార్చక్కర్లేదు. ఆ మూడో పేజీ ఒక్కటే మళ్లీ రాయి. తలుపు కొట్టేముందు అతను ఎక్కడి నుంచి వచ్చాడో, జేబులో ఏం పెట్టుకున్నాడో ఆలోచించి పంపు. ఎదురుచూస్తుంటాను.

ప్రేమతో,
అన్నయ్య